మునియన్ పేరు అడిగిన మా మేనత్త

మా ముత్తాత సింహాచలం నాయుడు గారు మలేసియాలోని సుంగై పెటాని దగ్గర రబ్బరు తోటలో కిరాణి, అంటే గుమాస్తా. కూలీల హాజరు, దొర బంగళా ఉత్తరాలు ఆయన చేతి మీదుగానే నడిచేవి. తాతగారు రామినాయుడు గారు పెద్ద కిరాణి. ఆయన నడిచి వస్తుంటే కూలీల ఇళ్ళ ముందు జనం లేచి నిలబడేవారు. అటువంటి ఇంటి ఆడపడుచు, మా మేనత్త సరస్వతి గారు, గత గురువారం పరమపదించారు. కబురు విన్నప్పుడు నాకు కన్నీళ్ళకంటే ముందు బాకీ గుర్తొచ్చింది. ఆమెకిచ్చిన మాట ఒకటి మిగిలిపోయింది.

అత్త ఇంగ్లీషు ఉపాధ్యాయిని. ఆదివారాలు గుడి హాలులో మన పిల్లలకు తెలుగు నేర్పుతూ, ఒక పాత అమెరికా నవల కథ చెప్పేవారు: చేయని నేరానికి ఒక నల్లవాణ్ణి దోషిని చేసిన ఊరు, అది చూసి పసితనం పోగొట్టుకున్న పిల్లలు. ఒకసారి ఒక పిల్ల, మలయ్ వాళ్ళ ‘లా’ తగిలించి, “అది తెల్లోల్ల దేశం లా, టీచరమ్మా! మనకేటి?” అంది.

“మనకా? మా ఇంట్లోనే జరిగినాది. కూకో, సెప్తాను,” అన్నారు అత్త.

వెనక వరుసలో ఉన్న నేను లేచి బయటికి వచ్చేశాను.

జరిగింది ఇది. తోట తెల్లదొర చేతి గడియారం పోయింది. బంగళాలో గడ్డి కోసే తమిళుడు మునియన్‌ను చూపి, “ఆ నల్లవాడే” అన్నాడు దొర. మా తాతగారి రంగూ అదే. మరునాడు పెరట్టులో, అంటే పొద్దున్నే కూలీలను వరుసగా నిలబెట్టి పేర్లు పిలిచేచోట, తాతగారు మునియన్ పేరు దాటేశారు. పేరు పిలవకపోతే పనీ లేదు, ఇల్లూ లేదు. కారణం ఎవరూ అడగరు. అత్త అడిగారు.

“నాన్నా, మునియన్ పేరేది?”

“ఆడపిల్లవి, ఇంటికెల్లు.”

“గడియారం దొరగారబ్బాయే కాలవలో ఇసిరినాడు. ఇది సూసినాది.” అత్త నన్ను ముందుకు లాగారు. “సెప్పవే!”

నాకప్పుడు ఏడేళ్ళు. చూసిందీ నేనే, అత్తకు చెప్పిందీ నేనే. తాతగారి ముఖం చూసి, “నాను సూడనేదు,” అన్నాను.

అత్త కొట్టలేదు, తిట్టలేదు. “ఈ వయసుకే నేర్చేసినావా?” అన్నారు, అంతే.

పోయిన నెల ఆసుపత్రిలో, “నాను పోయాకైనా నిజం రాస్తావేటే?” అని అడిగారు. రాస్తానన్నాను. తాతగారి పేరు నా చేత్తో తగ్గించడం నాకు ప్రాణసంకటం; బంధువులు ఇక నా గడప తొక్కరనీ తెలుసు. అయినా రాస్తున్నాను: మునియన్ దొంగ కాదు. నేను చూశాను.

అంత్యక్రియల్లో నా ఈడు స్త్రీ ఒకామె అత్త పాదాలు పట్టుకుని ఏడ్చింది. మునియన్ కూతురట. నన్ను గుర్తుపడుతుందేమోనని స్తంభం చాటుకు తప్పుకున్నాను. ఆమే వచ్చి నా చెయ్యి పట్టుకుని ఓదార్చింది. ఆ రోజు చూడలేదన్న పిల్లను నేనేనని చెప్పలేదు. “సెప్పవే” అనగల మనిషి మా వంశంలో ఇక లేదు.

అత్త తన పెళ్ళికని చేయించిన కాసులపేరును, మునియన్ పేరు దాటేసిన ఆ వారమే అమ్మి, వాళ్ళ కుటుంబాన్ని దూరాన ఉన్న బంటింగ్ ఊరికి పంపారని ఆమె చెప్పింది.