అహోబిలంలో లేనా ఏడ్చిన ఏడుపు

అది నటన కాదు. ఇరవై ఏళ్లకు పైగా ఈ మాట మోస్తున్నాను, ఇక నావల్ల కాదు. "పుట్టుకతోనే నటి, ఎవరూ నేర్పకుండానే అంత ఏడ్చింది" అని ఆ షూటింగ్ చూసిన ఆళ్లగడ్డవాళ్లు ఇప్పటికీ అంటారు. జర్మనీ పత్రికలవాళ్లూ అదే రాశారట. వాదించడం నాకు కొత్త కాదు. కూరలో ఉప్పు గురించే గంటసేపు వాదిస్తాను. ఈ ఒక్కదాని దగ్గరే నోరు మూసుకున్నాను.

నంద్యాలలో డిగ్రీ అయిపోయి ఊరికే ఉన్న రోజులు. అహోబిలం అడవిలో సినిమా తీయడానికి వచ్చిన జర్మన్లు, అందులో నటించే పాపను చూసుకోవడానికి ఇంగ్లీషు వచ్చిన అమ్మాయి కావాలంటే పోయాను. పాప పేరు లేనా. ఎనిమిదేళ్లు. అదే తొలి సినిమా. తనకూ ఇంగ్లీషు అంతంతమాత్రమే.

ఆ రోజు అడవిలో తప్పిపోయిన పిల్లలా ఏడవాలి. ఏడుపు రాలేదు. పొద్దున్నుంచీ ఎండలో అదే పని. వాళ్లమ్మ ఫోన్ చేసుకోవడానికి ఆళ్లగడ్డ పోయింది. నన్ను ఎవరూ ఏమీ చెయ్యమనలేదు. నేనే పక్కన కూర్చుని, మన ఇళ్లల్లో ప్రతి బిడ్డా వినే మాటే ఇంగ్లీషులో చెప్పాను: నిన్ను తవుడుకు కొన్నాం, మీ అమ్మ నిన్ను మాకిచ్చి పోయింది. తవుడును ఇంగ్లీషులో ఏమంటారో తెలియక ఆ ముక్క వదిలేశాను. అది వదిలేస్తే ఇక ఎగతాళి ఎక్కడుంది? ఇచ్చేసింది, పోయింది. అంతే మిగిలింది.

కెమెరా తిరిగింది.

"ఏందక్కా, ఆ పాప అట్ల ఏడుస్తాండాది?" అన్నాడు జీపు తోలే ఓబులేసు.

"తవుడుకు కొంటిమని చెప్పినా."

"నన్ను మాయమ్మ ఉలవలకు కొనిందంట. పాపకంటే నా ధరే ఎక్కువ పో."

ఇద్దరం నవ్వుకున్నాం.

సాయంత్రం వాళ్లమ్మ వచ్చి చేతులు చాపితే లేనా పోలేదు. నా చున్నీ పట్టుకుని వెనకే నిలబడింది. అలిసిపోయినట్టుంది అంది తల్లి. ఔనన్నాను. ఎందుకన్నాను? భయమా? కాదు. పాపకు నువ్వంటే ప్రాణమని దర్శకుడు అందరి ముందూ మెచ్చుకున్నాడు. ఆ మెప్పు పోతుందని, ఒక్క మాటతో తీరిపోయే దాన్ని ఆ పిల్ల మనసులో అట్లాగే ఉండనిచ్చాను.

తరువాత లేనాకు వరసగా ఏడ్చే పాత్రలే వచ్చాయి. ఈమధ్య ఫోన్లో తన ఇంటర్వ్యూ చూశాను, కింద ఇంగ్లీషు అక్షరాలతో. చిన్నప్పుడు ఏడవడం సులువు, ఒక సంగతి తలుచుకునేదాన్ని అంది. ఏ సంగతో చెప్పలేదు.

పిల్లలు మరిచిపోతారంటారేమో. అనండి. నేనూ ఇన్నాళ్లూ అదే చెప్పుకుని విసిగిపోయాను. క్షమించమని అడగను, అడగాల్సింది మిమ్మల్ని కాదు. ఎవరితోనో ఒకరితో అనేశాను, ఈ పూటకు అది చాలు. ఒక్కటి మాత్రం తెలియాలి. నన్ను నిజంగానే ఇచ్చేశావా అని లేనా వాళ్లమ్మను ఎప్పుడైనా అడిగిందా?