పాత బ్యాంకు కథ చెప్పిన అంకుల్

"అక్కా, డాడీ నిద్రలోనే వెళ్లిపోయారు."

ఆదివారం పొద్దున కార్ అద్దం మీద మంచు గీకుతుంటే మా పక్కింటి అంకుల్ కూతురు ఫోన్ చేసి చెప్పింది. తలెత్తి చూస్తే వాళ్ల వంటింట్లో లైటు వెలుగుతోంది.

ఫిలడెల్ఫియా శివార్లో మా రెండిళ్ల మధ్య ఉన్నది నడుమెత్తు కంచె ఒక్కటే. అంకుల్ ఇన్సూరెన్స్ కంపెనీలో పనిచేసి రిటైరయ్యాక శనివారాలు ట్రైన్ ఎక్కి సిటీకి వెళ్లేవారు. అమెరికాకు స్వతంత్రం వచ్చిన కొత్తలో కట్టిన ఒక పాత బ్యాంకు భవనం అక్కడ ఉంది. ఇప్పుడది మ్యూజియం. చూడవచ్చినవాళ్లకు దాని చరిత్ర చెప్పడం ఆయన పని. జీతం లేదు. ఆస్పత్రి ల్యాబ్‌లో పనిచేసే ఆంటీ ఏడిపించేవారు: "ఇంట్లో ఏటీఎం పిన్ గుర్తుండదు గానీ, ఆ కాలం నాటి బ్యాంకు లెక్కలన్నీ నోటికొచ్చు ఈయనకి!"

మా చెల్లి వచ్చినప్పుడు ఇద్దరం ఆయన వెంట వెళ్లాం. అంకుల్ ముందున్న పాలరాతి స్తంభాన్ని అరచేత్తో తట్టి చెప్పారు. "స్వతంత్ర యుద్ధంలో అచ్చేసిన నోట్లు చిత్తుకాగితాలైపోయాయమ్మా. మళ్లీ ఇంకో కాగితం చేతిలో పెడితే ఎవరు నమ్ముతారు? అందుకే ఈ స్తంభాలు. ఇంత బరువైన బిల్డింగ్ రాత్రికి రాత్రి పారిపోదు కదా!" తర్వాత మమ్మల్ని చుట్టూ తిప్పి వెనక్కి తీసుకెళ్లారు. అక్కడంతా మామూలు ఇటుక గోడ. "షో అంతా ముందువైపే," అని నవ్వారు. ఆనాటి నుంచి ఏ పెద్ద భవనం చూసినా వెనక్కి వెళ్లి చూడటం నాకు అలవాటైంది. ఆ అలవాటు ఆయన చలవే.

ఆయన కథలో అందరికీ నచ్చే ఘట్టం ఎల్లో ఫీవర్. ఆ రోజుల్లో ఆ ప్రాణాంతక జ్వరం ఊరంతా పాకితే స్తోమత ఉన్నవాళ్లు పల్లెలకు పారిపోయారు. బ్యాంకు పెద్దలూ వెళ్లిపోయారు. జబ్బు అంటకుండా జనం వెనిగర్‌లో తడిపిన గుడ్డ ముక్కుకు అడ్డం పెట్టుకునేవారట. అంకుల్ జేబురుమాలు తీసి ముక్కు మూసుకుని, ముక్కుతోనే కాసేపు మాట్లాడేవారు. అందరూ పడీపడీ నవ్వేవారు. "తలుపు దగ్గర కాపలావాడు ఒక్కడే మిగిలాడు. వాడూ జ్వరంతో పోయాడు. చలికాలం రాగానే పెద్దలు తిరిగొచ్చారు, బ్యాంకు తెరిచారు," అని ముగించి పక్క గదిలోకి నడిచేవారు.

తర్వాత కోవిడ్ వచ్చింది. మేమంతా ఇళ్లలో కూర్చుని ల్యాప్‌టాప్‌లు తెరుచుకుంటే ఆంటీ రోజూ డ్యూటీకి వెళ్లారు. అంకుల్ డ్రైవ్ చేసి దింపేవారు. ఒకరోజు ఆమెను అదే ఆస్పత్రిలో చేర్చారు. ఆఖరి చూపు కూడా ట్యాబ్లెట్ తెర మీదే. ఆ రోజు అంకుల్ వాళ్ల పెరట్లో నిలబడి ఉంటే, నేను కంచె ఇవతల మాస్క్‌తో నిలబడ్డాను. దాటి వెళ్లడానికి వీల్లేకపోయింది.

మ్యూజియం మళ్లీ తెరిచాక ఆయనను ఒంటరిగా పంపడం ఇష్టంలేక నేనే కార్‌లో తీసుకెళ్లాను. ఎల్లో ఫీవర్ దగ్గరికి వచ్చారు. జేబులోకి చెయ్యి వెళ్లింది. రుమాలు సగం బయటికొచ్చి ఆగిపోయింది. జనం ఎదురుచూస్తున్నారు.

"ఇన్నాళ్లూ ఇక్కడ అందరినీ నవ్వించాను," అన్నారు చివరికి. "ఆ కాపలా మనిషికి ఇంట్లో ఎవరున్నారో ఒక్కసారీ అనుకోలేదు."

అప్పటి నుంచి ఆ మనిషి గురించే వెతికారు. లైబ్రరీలకు వెళ్లారు, పాత చర్చిలలో అడిగారు. ఏమీ దొరకలేదు. అయినా ప్రతి శనివారం అతని గురించే ఎక్కువసేపు చెప్పేవారు. పిల్లలతో వచ్చిన తల్లిదండ్రులు ఇబ్బందిగా కదిలేవారు. టూర్ల బాధ్యత చూసే మేనేజరు ఒకరోజు ఆయనను పక్కకు పిలిచి, జనం వీకెండ్ సరదాగా గడపడానికి వస్తారు, ఆ భాగం కాస్త తగ్గించమని మెల్లగా చెప్పింది.

కార్‌లో నేను మండిపడ్డాను. ఆయన మాత్రం శాంతంగానే ఉన్నారు.

"ఆవిడ తప్పేం లేదమ్మా. నేనూ అలాగే చెప్పాను కదా ఇన్నేళ్లు."

"పోనీ కొంచెం తగ్గించి చెప్పండి అంకుల్."

"తగ్గించడానికి అక్కడ ఏముందమ్మా? పేరు కూడా లేదు."

మరో శనివారం వెళ్లి, ఇక రానని చెప్పేశారు. నేను కార్ తెచ్చేసరికి చినుకులు పడుతున్నాయి. ఆయన బ్యాంకు మెట్ల మీద కూర్చుని ఉన్నారు. పైకి వెళ్లేవాళ్లు గొడుగులతో ఆయనను తప్పించుకుని వెళ్తున్నారు. నన్ను చూసి మోకాలి మీద చెయ్యి ఆన్చి లేచారు. మెట్టంతా తడిసి నల్లబడింది. ఆయన కూర్చున్న చోటు మాత్రం తెల్లగా, పొడిగా ఉంది. మేమిద్దరం అటే చూస్తూ నిలబడ్డాం. దాని మీద ఒక చినుకు పడింది, తర్వాత ఇంకొకటి.