ముడి వేయని పెద్దమ్మ

హనుమకొండలో మా పక్కింటి పెద్దమ్మ రవికల మీద పూలు కుట్టేది. దారానికి ఎన్నడూ ముడి వేసేది కాదు. మొదట బెత్తెడు కొస వదిలి, దాన్ని బొటనవేలి కింద అదిమిపట్టి కుట్టు మొదలుపెట్టేది. పువ్వు పూర్తయ్యాక ఆ కొసను సూదికి ఎక్కించి, లోపలివైపు కుట్ల కిందికి దూర్చి దాచేది.

"ఒక్క ముడేస్తే అయిపాయె గదా పెద్దమ్మా!" అని నేను విసుక్కునేదాన్ని.

"ముడి వీపుకు గుచ్చుకుంటది బిడ్డా. ఏసుకునేది నువ్వాయె, నాకు ఫికరుండదా?" అనేది. రవికను తిరగేసి, లోపలివైపు తన చెంపకు రుద్దుకుని చూశాకే చేతికిచ్చేది.

మగ్గం పని సాగక ఆమె భర్త సూరత్‌లో మిల్లు పనికి కుదిరాడు. ఇద్దరూ ఊరు విడిచి బయలుదేరే రోజు కూడా పెద్దమ్మ నా రవిక పట్టుకుని గడపలో కూర్చుంది. చివరి పువ్వు అయ్యేసరికి స్టేషనుకు ఆటో వచ్చింది. ఆ పువ్వుకు మొదట వదిలిన కొస లోపలివైపు ఇంకా వేలాడుతూనే ఉంది.

"కత్తిరియ్యకు. మల్లొచ్చినంక నేనే లోపటికి పెడ్త" అని రవిక నా చేతిలో పెట్టి ఆటో ఎక్కింది. ఆ ఒక్కసారే చెంపకు రుద్దుకోలేదు.

ఆ రవికను ఇప్పుడు నా బిడ్డ వేసుకుంటోంది. మొన్న కత్తెర పట్టుకొచ్చింది.

"అమ్మా, లోపల దారం ఏలాడతాంది. కట్ చెయ్యనా?"

వద్దన్నాను.

"మరి నువ్వే కుట్టియ్యరాదు? నీకొస్తది గదా."

వస్తుంది. రెండు నిమిషాల పని. కానీ ఆ కొసను లోపలికి పెట్టేస్తే, పెద్దమ్మకు మళ్లీ మా ఇంటికి రావలసిన పనేమీ మిగలదు.