వెనక వరసకి వినపడిందా?

ఆయన గొంతు ఏ సినిమాలోనూ లేదు కాబట్టి ఇది రాసి ఉంచాలి.

మా కొవ్వూరులో ముప్పై ఏళ్లు పద్యనాటకాలు ఆడిన నటుడాయన. సినిమావాళ్లు మూడు చిన్న వేషాలిచ్చి, మూడింటికీ వేరేవాళ్ల చేత డబ్బింగు చెప్పించారు. నాటకం అయ్యాక, ముఖాన రంగు చెమటకి కారుతుండగానే, ఎప్పుడూ ఒకటే అడిగేవారు: "వెనక వరసకి వినపడిందా అండీ?"

గ్రంథాలయంలో ఒక పోలండు నటుడి జీవితం చదివి, వెళ్లి గొప్పగా చెప్పాను. "ఆయన కూడా మీలాగే నాటకాల నుంచి సినిమాల్లోకి వెళ్లారండి."

"సినిమాలో గొంతు ఆయనదేనా?"

"ఆయనదేనండి."

"అదృష్టజాతకుడు," అని నవ్వేశారు.

పోయినేడు గొంతు క్యాన్సరన్నారు. స్వరపేటిక తీసే ముందురోజు ఆయన నన్ను గోదావరి గట్టున దూరంగా నిలబెట్టి పద్యం ఎత్తుకున్నారు. పెదవులు కదలడం కనిపించింది, అంతే. పాడడం అయ్యాక, చెయ్యి చెవికి ఆనించి నావైపు చూశారు. నేను రెండు చేతులూ పైకెత్తి చప్పట్లు కొట్టాను. ఆపరేషన్ తర్వాత ఆయన ఎక్కువకాలం బతకలేదు.

ఆ పుస్తకం వెతికిచ్చిన లైబ్రేరియన్ వరలక్ష్మి గారికి, పాత నాటకం క్యాసెట్టు ఇచ్చిన మైకుసెట్టు సూర్రావు గారికి కృతజ్ఞతలు. క్యాసెట్టు మీద ఎవరో సినిమా పాటలు ఎక్కించేశారు. ఆయన నాటకంలో మిగిలింది చివరి చప్పట్లే.