ఉతికిన చొక్కా

మా పక్క క్వార్టర్ అత్త పోయింది. సుక్మాలో నేను డ్యూటీకి బయల్దేరుతుంటే అమ్మ ఫోన్ చేసింది. "అత్త లేదు బిడ్డా. పొద్దున చాయ్ తీస్కపోతే లేవలే" అంది. ఫోన్ పెట్టేసింది. మా ఊరు కిరందుల్ బస్సెక్కి కూర్చున్నాక నాకు ఏడుపాగలేదు.

రాయపూర్ పేపర్ వాళ్లు ఆవిడను వస్త్ర కళాకారిణి అని రాశారట. రాస్తే రాశారు. మాకు మాత్రం జాకెట్టుకు సూది గుచ్చుకుని, జుట్టులో దారప్పోగులతో క్వార్టర్ల లైనంతా తిరిగే అత్త. పెళ్లయి విజయనగరం వైపు నుంచి వచ్చింది. మామయ్య గనిలో పనిచేసేవాడు. మా అమ్మది తెలంగాణ సరిహద్దున ఉన్న మరైగూడ. అత్త "ఏటి" అంటే అమ్మ "ఏంది" అనేది. గోడకు చెరోవైపు నిలబడ్డారంటే ఇద్దరి పొయ్యిల మీదా కూరలు మాడాల్సిందే.

మా ఊళ్లో కాపురం చేసినవాళ్లకు తెలుస్తుంది, ఇనుప రాయి దుమ్మంటే ఏమిటో. పొద్దున ఆరేసిన తెల్ల చీర సాయంత్రానికి ఎర్రబడుతుంది. ఆడవాళ్ల చేతులు ఉతికీ ఉతికీ అరిగిపోతాయి. అత్త మాత్రం ఆ దుమ్ము పట్టిన బట్టలే కావాలనేది. గనిలో చేసి రిటైరైనవాళ్లవీ, కాలం చేసినవాళ్లవీ పని చొక్కాలు ఇల్లిల్లూ అడిగి తెచ్చుకునేది, ఎక్కడైనా నలుగురూ చూసేలా వేలాడగట్టడానికి. పాత బట్టలకు స్టీలు సామాన్లిచ్చే మనిషిని చేసి మగవాళ్లు ఏడిపించేవారు, "గిన్నెలేవమ్మా?" అని. "గిన్నెలయిపోనాయి. టీ ఉంది, తాగండి" అనేది. చిరుగులకు కావాలనే వేరే రంగు దారం వేసి కుట్టేది. "సిరిగిందనీ తెలియాల, కుట్టినారనీ తెలియాల. దాచీడమెందుకు?" అనేది.

నేను పదో తరగతిలో ఉండగా నాన్న డ్యూటీ నుంచి వచ్చి, చొక్కా విప్పి మేకుకు తగిలించి, అలాగే కూలిపోయారు. గుండెపోటు. ఆ చొక్కా చాలాకాలం మేకుకే ఉంది. అమ్మ దాన్ని ముట్టలేదు, మమ్మల్ని ముట్టనివ్వలేదు. ఒకరోజు అత్త నసుగుతూ అడిగింది. "ఇవ్వాలనిపిస్తేనే ఇవ్వు వదినా. ఉతక్కు మాత్రం."

అమ్మ సరేనంది. కానీ ప్రాణం ఒప్పలేదు. "మురికి బట్ట నలుగురి ముందట ఎట్ల పెడ్తరు? పెండ్లాముండి ఏంచేసిందని అనరా?" అంటూ చొక్కా ఉతికింది, గంజి పెట్టింది, ఇస్త్రీ చేసి, పళ్లెంలో పెట్టుకుని పట్టుకెళ్లింది. అత్త దాన్ని అందుకుని, విప్పి, దుమ్ము కోసం మడతల్లో వెతికింది. అప్పుడు గాని అమ్మకు తెలియలేదు, తానేం చేసిందో. చొక్కా వెనక్కి లాక్కుని కాలరు ముక్కుకు ఆనించుకుంది. సబ్బు వాసన.

"ఆయన పోయిండు వదినా" అంటూ నేల మీద కూలబడింది. నాన్న పోయిన రోజు కూడా అమ్మ అంతగా ఏడవలేదు.

పరవాలేదులే అని అత్త అనలేదు. చొక్కా ఒళ్లో పెట్టుకుని అమ్మ పక్కనే కూర్చుంది. అమ్మ ఏడుపు తగ్గాక, "మిగతా సొక్కాల్లో ఆళ్ల పనుంది. దీన్లో నీ పనుంది. ఇదీ కడదాం" అంది. కాలరు లోపలివైపు అమ్మ పేరు కుట్టింది. ఆ తర్వాత ఊరుకోలేదు, చొక్కాలిచ్చిన ప్రతి ఇంటికీ మళ్లీ వెళ్లి, "ఇది ఉతికీదెవరు?" అని అడిగి, ఆ పేర్లన్నీ కుట్టింది. తల్లుల పేర్లు, చెల్లెళ్ల పేర్లు. ఒకాయన మాత్రం "నేనే" అన్నాడు. ఆయన పేరూ కుట్టింది.

రాయపూర్‌లో ఒక పెద్ద హాల్లో ఆ చొక్కాలన్నీ పైకప్పు నుంచి వేలాడదీసింది. వాటి మధ్య నుంచి నడవాలి. చొక్కాల చేతులు మన భుజాలకు తగులుతుంటాయి. అన్నీ ఎర్రగా మాసినవి, నడుమ నాన్నది ఒక్కటే శుభ్రంగా నీలం రంగులో. అమ్మ దాని కింద నిలబడి కాలరు తిప్పి చూసుకుంది. తిరుగు బస్సులో అత్త అడిగింది, ఎలా ఉందని. "పేరు మంచిగనే కుట్టినవ్. వాసనుంటే ఇంకా మంచిగుండేది" అంది అమ్మ. అత్త అమ్మ చెయ్యి పట్టుకుని, "అవును వదినా" అంది. ఇంతకన్నా నిజం మాట్లాడుకున్న మనుషుల్ని నేను చూడలేదు.

మొన్న దహనం అయ్యాక ఇల్లు కడగడానికి లైను ఆడవాళ్లందరూ వచ్చారు. అత్త కూతురు గోడకానుకుని కూర్చుంది, ఏడవడం కూడా చేతకాక. బాత్రూంలో అత్త ముందురోజు విడిచిన చీర ఉంది. కొంగున పసుపు మరక, దారప్పోగులు. ఒకావిడ బకెట్‌లో సర్ఫు వేసి, నల్లా తిప్పి, చీర చేతిలోకి తీసుకుంది.

అమ్మ పరుగున వెళ్లి లాక్కుంది. "దీన్ని తడపకుండ్రి" అంది. మాసిన బట్ట కంటబడితే నిద్రపట్టని మా అమ్మ, ఆ చీరను మడత కూడా పెట్టకుండా తెచ్చి ఆ పిల్ల ఒళ్లో పెట్టింది. "ఉతకకు బిడ్డా. ఎవలు చెప్పినా ఉతకకు."

ఆ పిల్ల కాసేపు అమ్మకేసి చూసింది. తర్వాత చీరలో మొహం దాచుకుంది. అమ్మ దాని పక్కనే కూర్చుంది. లోపల నల్లా నీళ్లు బకెట్ నిండి పొర్లి పోతున్నాయి. ఎవరూ లేచి కట్టలేదు.