పంతొమ్మిదో పేజీ మీద ఎర్ర సిరా

తొమ్మిదేళ్లుగా ఒక అబద్ధాన్ని మోస్తున్నాను. పెద్దదేం కాదు, ఒక్క వాక్యం. ఒక ముసలాయన నోటుబుక్కులో, పంతొమ్మిదో పేజీ అంచున, పరీక్ష పేపర్లు దిద్దే ఎర్ర పెన్నుతో నా చేతులారా రాశాను. చేసిన పాపం చెబితే పోతుందంటారు. పోతుందని నాకు నమ్మకం లేదు. అయినా ఎవరికో ఒకరికి చెప్పకపోతే ఆ వాక్యం నాతోపాటు కాటిదాకా వచ్చేలా ఉంది. మీరు నన్ను ఎరగరు, నేను మిమ్మల్ని ఎరగను. అందుకే మీకు చెబుతున్నాను.

నా పేరు అక్కర్లేదు. కరీంనగర్‌లో ఒక డిగ్రీ కాలేజీలో లెక్కలు చెబుతాను. మాది మరమగ్గాల మీద బతికిన ఇల్లు. బాపు మగ్గం నడిపేవాడు, అవ్వ కండెలు చుట్టేది. బడి ఏ ఊళ్లోనో చెప్పను, చెబితే ఆ ముసలాయన ఎవరో మీరు ఇట్టే పట్టేస్తారు. ఆయన మాకు పదో తరగతిలో లెక్కల సారు. ఆయన, ఆయన అని మర్యాదగా రాస్తున్నాను గానీ, మనసులో చాలా ఏళ్లు వాడు అనే అనుకున్నాను.

ఒకరోజు సారు నన్ను బోర్డు దగ్గరికి పిలిచాడు. లంబకోణ త్రిభుజంలో రెండు చిన్న భుజాల మీది చతురస్రాలు కలిపితే పెద్ద భుజం మీది చతురస్రం అవుతుందని అందరం బడిలో చదువుకుంటాం కదా, దాన్ని నిరూపించమన్నాడు. పుస్తకంలో ఉన్నది నాకు రాదు. కానీ ఇంట్లో గళ్ల లుంగీలు చూసి చూసి నాకొకటి తోచింది. ఒక పెద్ద గడి గీశాను. అందులో ఒకేలాంటి త్రిభుజాలు నాలుగు పెట్టాను. వాటిని అటు జరిపినా ఇటు జరిపినా మిగిలే జాగా అంతే కదా సార్, అన్నాను. ఇప్పుడు లెక్కలు చెప్పేవాడిగా అంటున్నాను, అది పక్కా నిరూపణ. ఏ దేశంలోనైనా చెల్లుతుంది.

సారు చూశాడు. నవ్వాడు. “గిది లెక్క గాదురా, లుంగీ” అని డస్టర్‌తో తుడిచేశాడు.

తరగతంతా విరగబడి నవ్వింది. ఆ ఏడాదంతా నా పేరు లుంగీ లెక్క. నవ్వితే నవ్వారు, అక్కడితో ఆగినా బాగుండేది. గురుకుల కాలేజీ ప్రవేశ పరీక్షకు బడిలో విడిగా చదివించే పిల్లల జాబితా రాసింది ఆయనే. అందులో నేను లేను. బాపు పోయి అడిగితే, “మీవోనికి మగ్గం మంచిగ వస్తది, లెక్కలు రావు” అని పంపించాడు. బాపు ఆ మాట నమ్మాడు. సారు చెప్పిన మాట తప్పవుతుందని ఆయనకెలా తెలుస్తుంది? రెండేళ్లు మగ్గం దగ్గర నిలబడ్డాను. తర్వాత ప్రైవేటుగా ఇంటర్ కట్టి, మెల్లగా పైకి ఎలా వచ్చానన్నది వేరే కథ. పాము పన్నెండేళ్లు పగపడుతుందంటారు. నేను ఇరవై రెండేళ్లు పట్టాను.

తొమ్మిదేళ్ల కింద, ఒక రెండో శనివారం మధ్యాహ్నం, ఆయన మా ఇంటికి వచ్చాడు. రిటైరై మంథనిలో కూతురి దగ్గర ఉంటున్నాడట. పెద్దపల్లి దాకా ఒక బస్సు, అక్కణ్ణుంచి ఇంకో బస్సు. చేతిలో కాగితంలో చుట్టిన సర్వపిండి, సంచిలో ఒక నోటుబుక్కు.

“పేపర్ల నీ ఫొటో చూసిన బిడ్డా. డాక్టరేట్ వచ్చిందని ఏసిండ్రు. నా తాన సదివినోడే గదా అని మస్తు సంబురమైంది” అన్నాడు.

నేను మంచినీళ్లిచ్చి, ఎదురుగా కూర్చుని అడిగాను. “లుంగీ లెక్క యాదికున్నదా సార్?”

“లుంగీ లెక్కనా? గదేంది?”

“ఏం లే సార్.”

“యాదికి లేదు బిడ్డా. నువ్వు హుషారుగ ఉంటుంటివి, గది మాత్రం యాదికున్నది.”

అబద్ధం ఆడటం లేదు. నిజంగానే గుర్తు లేదు. కొట్టినవాడు మరిచిపోతాడు, తిన్నవాడు మరిచిపోడు. ఆయనకు గుర్తుండి, తలదించుకుని ఉంటే, నేను అదే రోజు కరిగిపోయేవాణ్ణేమో. ఇదీ నిజమో, నన్ను నేను వెనకేసుకురావడానికి ఇప్పుడు కల్పించుకుంటున్నానో తెలియదు.

ఆయన నోటుబుక్కు నా ముందు పెట్టాడు. “ముప్పై ఒక్క పేజీలు రాసిన. నాకు తప్పు దొరుకతలేదు. తప్పు లేదనుకుందమంటే ధైర్యం చాలతలేదు. జర నువ్వు చూడు. ఒక్కసారి నా పేరు అచ్చుల చూసుకోవాలని ఉన్నది, గంతే.”

అందులో ఏముందో మీకు చెప్పాలి. భయపడకండి. భుజాలు మూడు, నాలుగు, ఐదు ఉన్న లంబకోణ త్రిభుజం వైశాల్యం ఆరు. మరి వైశాల్యం సరిగ్గా పదమూడు కావాలంటే? భిన్నాలతో దొరుకుతుంది. ఒక పక్క 780 బై 323, ఇంకో పక్క 323 బై 30. గుణించి సగం చేసి చూసుకోండి. ఒకటికి, రెండుకు, మూడుకు మాత్రం తలకిందులుగా తపస్సు చేసినా దొరకదు. ఏ సంఖ్యకు దొరుకుతుంది, దేనికి దొరకదు? వెయ్యేళ్ల నాటి ఈ ప్రశ్న ఇప్పటికీ పూర్తిగా తెగలేదు. దీన్ని ఎలిప్టిక్ కర్వ్ అనే ఒక వంపుగీత మీద బిందువును వెతికే పనిగా మార్చుకోవచ్చు. ఆ బిందువును ఊరికే వెతకడం కాదు, మనమే కట్టి తీసుకురావచ్చని దారి చూపినవాడు ఒక జర్మన్. రేడియో ఇంజనీరు. ఏ విశ్వవిద్యాలయంలోనూ కొలువు లేనివాడు. సారు ఏదో పాత ఇంగ్లిష్ పత్రికలో అతని గురించి చదివి, ఆ దారి పట్టుకుని నడిచాడు. ఒక చిన్న జాతి సంఖ్యలకు అలాంటి త్రిభుజం తప్పకుండా ఉంటుందని, తేలిక పద్ధతిలో చూపించాడు. ప్రపంచం తలకిందులయ్యేదేమీ కాదు, చిన్న పత్రికలో చిన్న వ్యాసం అవుతుంది. కానీ కొత్తది. చదువుతుంటే నాకు అసూయ కలిగింది.

పంతొమ్మిదో పేజీలో ఆగాను. కట్టుకొచ్చిన బిందువు ఉత్త డొల్ల బిందువు కాదని, దాని నుంచి నిజంగా త్రిభుజం వస్తుందని చూపించాల్సిన చోటు అది. ఆయన నాలుగే వరుసల్లో తేల్చేశాడు. లొసుగు దొరికిందనుకున్నాను, ఎగిరి గంతేసినంత పని చేశాను. మూడు రోజులు కాలేజీ అయ్యాక స్టాఫ్ రూమ్‌లో కూర్చుని దాన్ని తవ్వాను. లొసుగు లేదు. ఆ నాలుగు వరుసలూ సరిపోతాయి. మగ్గం తప్ప లెక్కలు రావని నా గురించి చెప్పిన మనిషి, తన లెక్క ఇంత శుభ్రంగా చేసి నా చేతిలో పెట్టాడు. నాకు ఒళ్లు మండింది.

అప్పుడు ఆ జర్మన్‌కు ఏమైందో గుర్తొచ్చింది. సంఖ్యల గురించిన చాలా పాత చిక్కుముడి ఒకటి అతను విప్పి, అచ్చు వేయించాడు. పెద్దలు చూసి, ఒక పాత గ్రంథంలోని మాట మీద ఆధారపడ్డావు, అక్కడ లొసుగుంది అన్నారు. ఆ మాట కిందే అతను బతికినన్నాళ్లూ బతికి, చనిపోయాడు. పోయిన కొన్నేళ్లకు వేరేవాళ్లు అదే చిక్కు విప్పి, వెనక్కి తిరిగి అతని కాగితాలు చూస్తే, అడ్డం వచ్చేంత లొసుగేమీ లేదు. ఇవాళ ఆ బిందువులను అతని పేరుతోనే పిలుస్తారు. వినడానికి అతనెక్కడున్నాడు?

లొసుగు ఉందని చెప్పడానికి లొసుగు ఉండనక్కర్లేదు, చెప్పేవాడు పెద్దవాడైతే చాలు. నా పగకు దారి చూపింది ఈ కథే. ఆ పెద్దలు తెలియక అన్నారు. నేను తెలిసి అన్నాను.

ఇంకో మాట కూడా చెప్పాలి, లేకపోతే సగమే చెప్పినట్టు. మా నేత ఇళ్లలో ఒక కట్టుబాటుంది. బట్టలో లోపముందన్నవాడు వేలు పెట్టి, ఇదిగో ఈ పోగు అని చూపాలి. చూపలేకపోతే నోరు మూసుకోవాలి. బాపు నేసిన బట్ట తీసుకునే గుమాస్తా ఒకడుండేవాడు. బాపు మీద కోపం వచ్చినప్పుడు మంచి బట్ట మీద కూడా సుద్దముక్కతో గీత గీసి, ఎక్కడని అడిగితే నువ్వే చూసుకో అనేవాడు. ఆ రోజు బాపు అన్నం ముట్టేవాడు కాదు. బట్టను ఎండకు ఎత్తిపట్టుకుని, లేని తెగిన పోగు కోసం గంటలకొద్దీ వెతికేవాడు. ఆ గుమాస్తాను చిన్నప్పుడు ఎన్ని తిట్లు తిట్టుకున్నానో. అలాంటివాడి పని ఏం చేస్తుందో ఈ జిల్లాలో నాకంటే బాగా తెలిసినవాడు లేడు. తెలిసే చేశాను.

మళ్లీ రెండో శనివారం ఆయన వచ్చేసరికి పంతొమ్మిదో పేజీలో రాసి పెట్టాను: ‘ఇక్కడ లొసుగు ఉంది. ఇది పూడనిదే మిగతా అంతా నిలవదు.’

ఆయన కళ్లద్దాలు సర్దుకుని చాలాసేపు చూశాడు. “ఏ వరుసల బిడ్డా?” అన్నాడు.

“మీరే చూసుకోండ్రి సార్. దొరుకుతది” అన్నాను.

“గట్లనా? నాకు కనవడకపాయె. నువ్వన్నవంటే ఉన్నట్టే.” నోటుబుక్కు సంచిలో పెట్టుకున్నాడు. గేటు దాకా పోయి తిరిగి చూసి, “ఫికర్ చెయ్యకు, నేను సరిజేస్త” అన్నాడు. నేను బాధపడుతున్నాననుకున్నాడు.

ఎలా ఉందని అడుగుతారా? తియ్యగా ఉంది. ఆ మధ్యాహ్నం ఆయన మళ్లీ తెచ్చిన సర్వపిండి మొత్తం ఒక్కణ్ణే తిన్నాను.

నాలుగేళ్లలో పదకొండుసార్లు వచ్చాడు. వచ్చినప్పుడల్లా ఒక అతుకు. చిరగని బట్టకు అతుకులు వేస్తే ఏమవుతుంది? ముప్పై ఒక్క పేజీలు నూట నలభై అయ్యాయి. అతుకుల్లో నిజమైన తప్పులు దొర్లడం మొదలైంది. వాటిని మాత్రం వేలు పెట్టి చూపించేవాణ్ణి, ఎంత నిజాయితీపరుణ్ణో! ఆయన సిగ్గుపడి తలగోక్కునేవాడు. బోర్డు దగ్గర నేను నిలబడ్డట్టే నిలబడేవాడు. ఎప్పుడైనా ఆపాలనిపించలేదా? అనిపించింది. ఆయన చెయ్యి వణకడం మొదలైన ఏడాది అనిపించింది. చెప్పేద్దామని నోరు తెరిచి, ఇంకో కప్పు చాయ్ తాగుతారా సార్ అన్నాను. ఇంకొక్కసారి రానీ, ఇంకొక్కసారి తలదించుకోనీ అనుకునేవాణ్ణి. నా రెండేళ్ల మగ్గానికి ఆయన నాలుగేళ్లు. అయినా ఎందుకో చాలేది కాదు.

ఆఖరిసారి వచ్చినప్పుడు ఆ జర్మన్ మాట ఆయనే ఎత్తాడు. “ఆయనకు లొసుగున్నదని చెప్పినోళ్లు పరాయోళ్లు బిడ్డా. నాకు చెప్పినోడు నా శిష్యుడు. నా నసీబు మంచిది” అన్నాడు. నేను కిటికీలోంచి రోడ్డు వైపు చూస్తూ కూర్చున్నాను.

ఆ తర్వాత రాలేదు. మూడు నెలలకు మంథని నుంచి ఆయన కూతురు వచ్చి, వాళ్ల బాపు పోయిండని చెప్పింది. నోటుబుక్కు నా చేతిలో పెట్టి, “మీకే ఇయ్యమన్నడు సార్. మీ పేరే తీస్తుండె” అంది. ఒక్క కన్నీటి చుక్క కూడా నాకు రాలేదు. ఆ అమ్మాయి వెళ్లాక తెరిచి చూశాను. అతుకుల కాగితాలన్నీ చింపేశాడు. మొదటి ముప్పై ఒక్క పేజీలే మిగిలాయి. పంతొమ్మిదో పేజీలో నా ఎర్ర సిరా కింద, పెన్సిల్‌తో, వంకర అక్షరాలతో ఆయన రాసుకున్నాడు: ‘మల్ల మొదటి నుంచి చూసిన. నాకైతే లొసుగు కనవడతలేదు. కానీ వాడు అబద్ధం చెప్పడు. నా బుర్రే పోయినట్టున్నది.’

అది చదివినప్పటి నుంచి నేను సరిగా లేను. అంతమాత్రాన మారిపోయాననుకోకండి. ఆ వ్యాసాన్ని రెండుసార్లు టైపు చేశాను, పత్రికకు పంపుదామనే. రచయిత పేరు రాసే చోటికి వచ్చి రెండుసార్లూ ఆగిపోయాను. నా పేరు పెట్టుకుందామనే దొంగబుద్ధి లేదు. ఆయన పేరు అచ్చులో చూడాలంటే ఇప్పటికీ కడుపు మండుతుంది. మనిషి పోయి ఐదేళ్లయినా నాలో ఆ బోర్డు దగ్గరివాడు పోలేదు. ఆయనను నేను క్షమించలేదు. ఆయన నన్ను క్షమించే అవకాశం నేను ఇవ్వలేదు. పంపుతానో లేదో మీకు మాట ఇవ్వను, ఇచ్చిన మాట నిలబెట్టుకునేవాణ్ణని నాకే నమ్మకం లేదు.

ఒక్కటి మాత్రం చేయగలను. ఆయన ఏ వరుసలో అని అడిగాడు, నేను చూపలేదు. ఇప్పుడు నోటుబుక్కు నా ముందే ఉంది. ఆ నాలుగు వరుసల మీద వేలు పెట్టి, ఒక్కొక్కటే మళ్లీ చదివాను. సార్, పంతొమ్మిదో పేజీలో లొసుగు లేదు. మీ బుర్ర బాగానే ఉండె.