గేలిక్ పెద్దమ్మ జవాబు

మొన్న మా కోడలు ఇంట్లో జరిగిన వ్రతం వీడియో చూపిస్తూ, ఫోన్‌లో ఒక మీట నొక్కి వెనక గోలంతా మాయం చేసి, ఎంత శుభ్రంగా ఉందో చూడండి మావయ్యా అంటే, నాకు షార్జా ఇండస్ట్రియల్ ఏరియాలో గ్యారేజీ పైనున్న మా ఎడిటింగ్ గది గుర్తొచ్చింది.

రెండువేల అయిదు, ఆరు నాటి మాట. కింద రేకులు సాగగొట్టే సుత్తి దెబ్బలు మా రికార్డింగుల్లో దూరకుండా చూడడం మా సౌండ్ ఎడిటర్, మేమంతా కరీంనగర్ అన్న అని పిలిచే ఆయన ఉద్యోగం. మాట కానిది ఏది వినబడినా కోసి పారేసేవాడు, ఆ పనిలో ఆయనకు ఆయనే సాటి. నేను దృశ్యాలు కూర్చేవాణ్ణి. మా దగ్గరికి స్కాట్లండ్ పడమటి దీవులకు చెందిన దర్శకుడొకాయన వచ్చేవాడు. దుబాయ్‌లో టవర్ల ప్రకటనలు తీసి, ఆ సంపాదనతో తన గేలిక్ భాషలో సినిమాలు తీసేవాడు. ఆ భాష మాట్లాడేవాళ్లే కొద్దిమంది, ఇక చూసేదెవరని మాలో మేము నవ్వుకునేవాళ్లం.

ఆయన తన పెద్దమ్మ మీద తీస్తున్న సినిమాను ఇంగ్లీషులోకి మారిస్తే కొంటామని ఒక టీవీవాళ్లు అన్నారు. ఎటూ తేలక, ఆమెనే కెమెరా ముందు కూర్చోబెట్టి, ఎవరూ చూడకపోయినా మన భాషలోనే ఉంచనా అని అడిగాడట. ఆమె జవాబే సినిమాకు ముగింపు. ఆ చలికాలమే ఆమె పోయింది.

ముగింపు చూపించిన రోజు ఆయన తెల్లబోయాడు. ప్రశ్న ఉంది, పెద్దమ్మ ముఖం ఉంది, జవాబు లేదు. అన్న నా వైపు తిరిగి, "జవాబేడుంది తమ్మీ, ముసలామె దమ్ము దీసుకున్నదంతే. సాఫ్ జేసిన, ఖలాస్" అన్నాడు. నేనది ఇంగ్లీషులో చెబితే ఆయన కోప్పడలేదు. పెదవులు కొంచెం తెరిచి, చప్పుడయ్యేలా గాలి లోపలికి పీల్చి చూపించాడు. వాళ్ల దీవుల్లో పెద్దవాళ్లు అవునని చెప్పడం అలాగేనట.

అన్న ముఖం పాలిపోయింది. అసలు టేపు దర్శకుడి దగ్గరే ఉండబట్టి సరిపోయింది. అన్న ఆ ఊపిరిని తిరిగి దాని చోట పెట్టాడు, ఈసారి సముద్రపు గాలి హోరును కూడా ముట్టుకోలేదు. ఆ సాయంత్రమే దర్శకుడు టీవీవాళ్లకు కుదరదని చెప్పేశాడు. నాకది పిచ్చిపని అనిపించింది, కొంచెం అసూయా కలిగింది.

టవర్ల పనులు ఆగిపోయిన ఏడాది అందరం తలో దిక్కయ్యాం. ఆయన ఇంకా గేలిక్‌లోనే తీస్తున్నాడని విన్నాను. నేనూ గల్ఫ్ వెళ్లింది నాలుగు రాళ్లు వెనకేసుకుని మా గోదావరి యాసలో ఒక సినిమా తీద్దామనే. కోట్లమంది మాట్లాడే భాష నాది, తొందరేముందిలే అనుకున్నాను. ఇప్పుడు కెమెరా ప్రతి జేబులోనూ ఉంది. తీయనా అని అడగడానికి మాత్రం మా ఇంట్లో నాకంటే పెద్దవాళ్లెవరూ మిగల్లేదు.